‘కాంతి సంవత్సరం’: ఏళ్ల లెక్కా, మైళ్ల లెక్కా?

ఎనిమిదో తరగతి చదువుతున్న మా అమ్మాయి నిన్న అడిగింది: “ఆండ్రోమెడా గెలాక్సీ 25 లక్షల కాంతి సంవత్సరాలంటే దాని వయసా నాన్నా?” పిల్లది తప్పేం కాదు. మాట చివర ‘సంవత్సరం’ ఉంటే ఎవరికైనా వయసే తోస్తుంది. ‘కాంతి ఆమడ’ లాంటిదేదో పెట్టుకుని ఉంటే ఈ తిప్పలు తప్పేవి కదా?

— ఆమడ వద్దండీ, అదెంతో మళ్లీ వేరే చెప్పాలి. అయినా కాలంతో దూరం కొలవడం మనకి కొత్తా? “మీ ఊరెంత దూరం?” అంటే “బస్సులో గంటన్నర” అంటాం. అలాగే చందమామ సెకనుంపావు దూరం, సూర్యుడు 8 నిమిషాల 20 సెకన్ల దూరం. బస్సు బదులు కాంతి, అంతే. కాకపోతే బస్సుకి ట్రాఫిక్ ఉంటుంది. శూన్యంలో కాంతికి అదేమీ లేదు, ఎప్పుడూ సెకనుకు 2,99,792.458 కిలోమీటర్లే. ఆ లెక్కన ఏడాదికి సుమారు 9.46 లక్షల కోట్ల కిలోమీటర్లు. అదే ఒక కాంతి సంవత్సరం.

— ‘కూతవేటు’ మరిచిపోయారు! కూత వినబడినంత దూరం. మా నాయనమ్మ గట్టు మీంచి కేకేస్తే చెరువు అవతలికి వినబడేది. ఆవిడ కూతవేటు మా అందరి కూతవేటు కన్నా పెద్దది. కాంతితో ఆ గొడవ లేదు.

— నాదో సందేహం. విశ్వం వయసు 1,380 కోట్ల ఏళ్లు. మనకు గోచరించే విశ్వం అంచు మాత్రం 4,650 కోట్ల కాంతి సంవత్సరాల దూరం అంటారు. ఎలా కుదురుతుంది?

— బస్సు పోలిక పనికిరానిది ఇక్కడే. బస్సు వస్తూ ఉండగానే దాటొచ్చిన రోడ్డు వెనకాల సాగిపోయిందనుకోండి. విశ్వమూ అలాగే సాగుతోంది. ప్రయాణం 1,380 కోట్ల ఏళ్లే, బయల్దేరిన ఊరు మాత్రం ఇప్పుడు 4,650 కోట్ల కాంతి సంవత్సరాల దూరంలో ఉంది. ‘ఇన్ని కాంతి సంవత్సరాల క్రితం’ అని రాసేవాళ్లని చూస్తే నాకు ఒళ్లు మండేది ఇందుకే. క్రితం అంటే ఉత్త ఏళ్లు చాలు.

— ‘గోచరం’లో ఆవు ఉంది, చూశారా? ఆవులు తిరిగే మేర అన్నది పాత అర్థం, ఇంద్రియాలకు అందే మేర అన్నది తర్వాతది. అమరకోశం ‘గో’ శబ్దానికి కిరణమనే అర్థం కూడా చెబుతుంది. కిరణం తిరిగినంత మేర గోచర విశ్వం! వ్యుత్పత్తి కాదు లెండి, నా సరదా.

— ఇదంతా అమ్మాయికి చదివి వినిపించాను. “అయితే మనకి కనిపించే ఆండ్రోమెడా 25 లక్షల ఏళ్ల కిందటిదేగా? ఆ వెలుగు వయసైతే అంతేగా?” అంది.