క్వార్టర్‌బ్యాక్ మీద బరువు పడితే ఫ్లాగ్: ఈ నిబంధన ఉంచాలా, తీసేయాలా?

బెజవాడ బ్లిట్జ్:

ఎన్ఎఫ్ఎల్‌లో (అమెరికన్ ఫుట్‌బాల్ లీగ్) క్వార్టర్‌బ్యాక్ మీద, అంటే బంతి విసిరి జట్టు దాడిని నడిపేవాడి మీద, బరువు మోపి పడకూడదన్న నిబంధనను తీసేయాలని నా వాదన. కొత్తగా చూస్తున్నవాళ్ళ కోసం ముందు విషయం చెబుతాను. బంతి విసిరే భంగిమలో ఉన్న క్వార్టర్‌బ్యాక్‌ని పడగొట్టేటప్పుడు డిఫెండర్ తన ఒంటి బరువంతా, లేదా అందులో ఎక్కువ భాగం, అతని మీద వేసి పడితే రఫింగ్ ద పాసర్ (బంతి విసిరేవాడి మీద దురుసుతనం) కింద ఫ్లాగ్, అంటే రిఫరీ ఫౌల్ ఇస్తాడు. 15 యార్డులు, ఆపైన ఆటోమేటిక్ ఫస్ట్ డౌన్. పది యార్డులు దాటడానికి జట్టుకి దొరికే నాలుగు అవకాశాల్లో ఒక్కోటీ ఒక డౌన్. థర్డ్ అండ్ 20లో (మూడో డౌన్, ఇంకా 20 యార్డులు కావాలి) సాక్ చేసినా, అంటే బంతి విసిరేలోపే క్వార్టర్‌బ్యాక్‌ని పడగొట్టినా సరే, ఎదుటి జట్టుకి మళ్ళీ నాలుగు డౌన్లు ఇచ్చేసినట్టే.

140 కిలోల మనిషి పరుగున వచ్చి నడుం పట్టుకున్నాక ఇద్దరూ కలిసే పడతారు. కాళ్ళు నేల వదిలాక ఒళ్ళు ఎటు పడాలో ఎవరి చేతిలోనూ ఉండదు. 2018 రెండో వారం ప్యాకర్స్, వైకింగ్స్ ఆట గుర్తు చేసుకోండి. ప్యాకర్స్ 29-21తో ముందున్నారు, రెండు నిమిషాలు కూడా మిగల్లేదు, వైకింగ్స్ క్వార్టర్‌బ్యాక్ కర్క్ కజిన్స్ విసిరిన బంతిని ప్యాకర్స్ ఆటగాడు జైర్ అలెగ్జాండర్ పట్టేశాడు. అక్కడితో ఆట ముగిసిపోవాలి. కానీ కజిన్స్‌ని పడగొట్టిన ప్యాకర్స్ డిఫెండర్ క్లే మాథ్యూస్ మీద ఫ్లాగ్ పడి ఆ ఇంటర్‌సెప్షన్ (ఎదుటి జట్టు బంతి పట్టేయడం) రద్దయింది. వైకింగ్స్ టచ్‌డౌన్ చేసి (6 పాయింట్లు), దాని తర్వాత దొరికే రెండు పాయింట్ల కన్వర్షన్ కూడా తెచ్చుకుని 29-29తో డ్రా చేసుకున్నారు. ఆ తర్వాతి వారం వాషింగ్టన్ క్వార్టర్‌బ్యాక్ అలెక్స్ స్మిత్‌ని సాక్ చేసినందుకు మాథ్యూస్‌కే మళ్ళీ ఫ్లాగ్. అదే వారం డాల్ఫిన్స్ ఆటగాడు విలియం హేస్, రైడర్స్ క్వార్టర్‌బ్యాక్ డెరెక్ కార్ మీద బరువు పడకుండా తప్పుకోబోయి తన మోకాలి ఏసీఎల్ (లోపలి లిగమెంట్) తెంచుకున్నాడు. ఒక క్వార్టర్‌బ్యాక్ కాలర్‌బోన్ కోసం ఇంకొకరి మోకాలు పోవాలా?

తెల్లటోపీ:

బ్లిట్జ్ గారూ, రెండు సవరణలు.

ఈ నిబంధన 2018లో పుట్టింది కాదు, అంతకుముందు నుంచే రూల్‌బుక్‌లో ఉంది. 2018లో చేసిందల్లా రిఫరీలకు ‘దీన్ని గట్టిగా పట్టించుకోండి’ అని చెప్పడం. అంతకుముందు సీజన్లో, 2017 అక్టోబరు 15న, బంతి విసిరేసిన ప్యాకర్స్ క్వార్టర్‌బ్యాక్ ఆరన్ రాడ్జర్స్ మీద వైకింగ్స్ ఆటగాడు ఆంథనీ బార్ పడటంతో రాడ్జర్స్ కుడి కాలర్‌బోన్ విరిగింది. ఆ దెబ్బకు ఫ్లాగ్ పడలేదు.

రెండోది, కజిన్స్ విషయం. ఆట తర్వాత రిఫరీ టోనీ కొరెంటే చెప్పిన కారణం బరువు కాదు. మాథ్యూస్ అతన్ని ఎత్తి నేలకేసి కొట్టాడని చెప్పాడు. ఒప్పుకుంటామా లేదా అన్నది వేరే సంగతి, కానీ అది వేరే క్లాజు. ఈ రెంటినీ కలిపేస్తే తీసేయాల్సిందేమిటో మనకే తెలియకుండా పోతుంది.

రఫింగ్ కింద రిఫరీ చూసేవి చాలా ఉన్నాయి. బంతి చేయి దాటాక డిఫెండర్‌కి ఒక్క అడుగు వరకే అవకాశం. ఆ తర్వాత కూడా దూసుకొస్తే ఫౌల్. తలకీ మెడకీ బలంగా తగలకూడదు, చేత్తో బలంగా తగిలినా అంతే. ఒక కాలైనా నేల మీదున్న పాసర్‌ని మోకాలి దగ్గరో కిందో తలతో, భుజంతో, ఛాతీతో, ముంజేతితో గుద్దకూడదు. చేతులతో కాలు చుట్టి పట్టుకోవచ్చు, అది ఫౌల్ కాదు. బ్లాకర్ (డిఫెండర్లని అడ్డుకునేవాడు) నెట్టేస్తే తప్పించుకునే దారి లేక వచ్చి పడినా ఫౌల్ కాదు. వీటన్నిటి తర్వాతే ఒంటి బరువు.

పాలమూరు పిలగాడు:

బ్లిట్జ్ అన్నా, గాల్లకు లేచినంక ఏం చెయ్యలేరంటవు. నిజమే. గానీ పని గాల్లకు లేవకముందే అయితది. దీన్ని నేర్పొచ్చు, నేర్పుతున్నరు కూడా. అప్పటి సీహాక్స్ కోచ్ పీట్ కారల్ 2014లనే రగ్బీ తీరు ట్యాకిల్ మీద వీడియో తీసి అందరికీ వదిలిండు.

ఎట్లంటే, ఆఖరి రెండు అడుగులు పొట్టిగ వెయ్యాలె, తుంటి దించాలె. గురి ఛాతీ కిందికెల్లి తొడల దాక, గంతే. తల ఒక పక్కకు పోవాలె, చెంప ఆయన పక్కటెముకలకు ఆనాలె. నెత్తి ముందట పెడితె ఫ్లాగ్ సంగతి దేవుడెరుగు, నీ మెడకే ముప్పు. భుజం తాకినంక రెండు చేతులు నడుం చుట్టూ బిగించాలె. అసలు ముచ్చట ఇక్కడున్నది: ముందుకు తోసుకుంట పోవద్దు, తుంటిని పక్కకు తిప్పి దొర్లాలె. అట్ల తిప్పితె ఇద్దరూ పక్కపక్కన పడతరు, నీ భుజం నేలకు తాకుతది, ఆయన ఛాతీ మీద నీ ఛాతీ ఉండదు.

తప్పేడ జరుగుతదంటే, ఎదురుంగ వచ్చినప్పుడు. ఆయన విసురుడు కోసం ముందటి కాలు మీద బరువేసి ఉంటడు, నువ్వు సూటిగ ఛాతీ మధ్యలకు పోతవు. వెనక్కి పడేటాయన మీద నువ్వు బోర్ల పడుడు తప్ప ఇంకో దారి ఉండది. అందుకే ఎదురుంగ వచ్చేటోడు ఒక భుజం తీసుకోవాలె, నడిమిల పోవద్దు. ఎడ్జ్ రషర్లు పక్కకెల్లి వస్తరు, ఆళ్ళకు దొర్లుడు అలక. నడిమికెల్లి గార్డును (ఆడ అడ్డం నిలిచేటోణ్ణి) దాటి వచ్చే డిఫెన్సివ్ ట్యాకిల్‌కే కష్టం.

బెజవాడ బ్లిట్జ్:

తమ్ముడూ, నువ్వు చెప్పిందంతా ఒప్పుకుంటాను. మరి క్రిస్ జోన్స్ సంగతేంటి? 2022 అక్టోబరు 10, సోమవారం రాత్రి, రైడర్స్‌తో చీఫ్స్ ఆట. చీఫ్స్ డిఫెండర్ జోన్స్ వెనకనుంచి వచ్చాడు. ఒక చేత్తో డెరెక్ కార్ చేతిలోని బంతి లాగేసుకున్నాడు. పడుతున్నప్పుడు రెండో చెయ్యి నేలకు ఆనించి తన బరువు ఆపుకోబోయాడు. బంతి జోన్స్ దగ్గరే ఉంది. ఫంబుల్ (బంతి చేజారడం), రికవరీ (దాన్ని దక్కించుకోవడం), అన్నీ అయిపోయాయి. అయినా ఫ్లాగ్. రైడర్స్ డ్రైవ్ బతికింది. చీఫ్స్ 30-29తో గెలిచారు కాబట్టి సరిపోయింది, లేకపోతే సీజనంతా దాని గురించే మాట్లాడుకునేవాళ్ళం. ఒక చేతిలో బంతి, రెండో చెయ్యి నేల మీద. ఇంకెన్ని చేతులుండాలి మనిషికి?

దానికి ముందురోజు ఫాల్కన్స్ డిఫెండర్ గ్రేడీ జారెట్. ఫాల్కన్స్ 21-15తో వెనకబడ్డారు, మూడు నిమిషాలుంది, థర్డ్ అండ్ 5. ఎదుటి క్వార్టర్‌బ్యాక్ టామ్ బ్రేడీని నడుం దగ్గర పట్టి తిప్పి పడేశాడు. తల తగల్లేదు, మోకాలు తగల్లేదు, ఆలస్యమూ కాలేదు. అయినా ఫ్లాగ్ పడింది. బంతి ఫాల్కన్స్‌కి రావాల్సింది, రాలేదు, ఆట పోయింది.

తెల్లటోపీ:

ఆ రెండూ నేను సమర్థించను. కానీ ఎందుకలా జరిగాయో చూద్దాం.

రిఫరీ నిలబడేది క్వార్టర్‌బ్యాక్ వెనక, ఓ పది పన్నెండు యార్డుల దూరంలో, పక్కకు జరిగి. కార్ మీద పడిన జోన్స్ వీపు కనిపిస్తుంది. ఆనించిన చెయ్యి ఎంత బరువు మోసిందో వీపు వైపునుంచి తెలిసేది కాదు. టీవీలో మనం చూసింది ఇంకో కోణంలో, నెమ్మదిగా. కార్ విసిరే భంగిమలో ఉన్నాడు కాబట్టి అతనికి పూర్తి రక్షణ ఉందని, జోన్స్ పూర్తి బరువుతో పడ్డాడని రిఫరీ కార్ల్ షెఫర్స్ ఆట తర్వాత వివరించాడు. జారెట్ విషయంలో జెరోమ్ బోగర్ చెప్పింది అనవసరంగా నేలకేసి విసిరాడని.

ఈ రెంటికీ పది రోజుల ముందు, సెప్టెంబరు 29న, సిన్సినాటిలో డాల్ఫిన్స్ క్వార్టర్‌బ్యాక్ టువా టాగోవైలోవాని తిప్పి పడేస్తే తల నేలకు కొట్టుకుంది, స్ట్రెచర్ మీద తీసుకెళ్ళారు. ఆ వారం దేశమంతా చూసింది బిగుసుకుపోయిన అతని చేతివేళ్ళనే. ఆ సాక్‌కి ఫ్లాగ్ లేదు. తర్వాతి వారం రిఫరీ చెయ్యి ఫ్లాగ్ వైపు త్వరగా వెళ్ళిందంటే నాకు ఆశ్చర్యం లేదు.

అసలు చిక్కు బరువు క్లాజులో కాదు, అదే నిబంధనలో ఉన్న ఇంకో వాక్యంలో ఉంది: అనుమానం ఉంటే రిఫరీ ఎప్పుడూ ఫౌల్ ఇవ్వాలి. తలకు తగిలిన దెబ్బకు ఈ మాట న్యాయమే. బరువు అలా కాదు, అది కొంచెమా సగమా మొత్తమా అన్న లెక్క. అందులో అనుమానం ప్రతిసారీ ఉంటుంది. ప్రతిసారీ అనుమానం ఉండేచోట ‘అనుమానం ఉంటే ఇవ్వు’ అంటే ‘ప్రతిసారీ ఇవ్వు’ అనే అర్థం.

మూడో డౌన్:

తెల్లటోపీ గారు వేలు పెట్టినచోటే మందు వేయాలి. శిక్ష రెండు మెట్లుగా పెట్టండి. పంటర్ (బంతిని తన్నేవాడు) విషయంలో ఇప్పటికే ఉంది కదా. తన్నేవాడికి ఊరికే తగిలితే 5 యార్డులే, ఆటోమేటిక్ ఫస్ట్ డౌన్ లేదు. నేలకు ఆనించి ఉన్న కాలిని గుద్దితే రఫింగ్, 15 యార్డులు, ఫస్ట్ డౌన్. క్వార్టర్‌బ్యాక్‌కీ అలాగే చేయండి. తలకి, మోకాలికి, ఆలస్యపు దెబ్బకి, ఎత్తి కొట్టినదానికి 15. కేవలం బరువు మోపడానికి 5, ఫస్ట్ డౌన్ లేకుండా. థర్డ్ అండ్ 20 మళ్ళీ థర్డ్ అండ్ 15 అవుతుంది. డిఫెన్స్‌కి శిక్ష పడుతుంది, ఆట మాత్రం చేతులు మారదు.

పాలమూరు పిలగాడు:

మూడో డౌన్ గారు, గిది ఇనడానికి మంచిగనే ఉన్నది గానీ ఫేస్‌మాస్క్ (హెల్మెట్ ముందటి చువ్వలు పట్టి గుంజుడు) కథ యాది చేసుకోన్రి. దానికీ రెండు మెట్లు ఉండె. కావాలని గుంజితె 15, పొరపాటున వేళ్ళు తగిలితె 5. ఆ 5 యార్డులది 2008ల తీసేసిన్రు. ఇప్పుడు పట్టి తిప్పితెనే ఫౌల్, ఊకె తాకితె ఏం లేదు. లీగ్ నడిమిట్ల మెట్టు కూలగొట్టిందంటే దాంతోని ఏగలేకనే అనుకుంట. ఎటూ తేల్చుకోలేనప్పుడు రిఫరీ ఆ 5 తీసుకుంటడు, రోజుకు పది ఫ్లాగులు పడతయి.

ఇంకో ముచ్చట. 5 యార్డులకే పోతదంటె డిఫెన్స్ కోచ్ లెక్కేసుకుంటడు. ఎదుటి టీం క్వార్టర్‌బ్యాక్ పక్కటెముకలకు పట్టీ కట్టుకొని దిగిండంటె, ఆయన మీద రెండుసార్లు బోర్ల పడి 10 యార్డులిచ్చుడు అగ్గువ బేరం. ఆ బేరం దొరకనియ్యొద్దనే 15 పెట్టిన్రు.

గోదారి గట్టు:

ఇంత గొడవెందుకు, వీడియో రివ్యూకి పంపితే సరిపోదా?

తెల్లటోపీ:

గట్టు గారూ, తీర్పు మీద ఆధారపడే ఫౌల్‌ని రివ్యూకి పెడితే ఏమవుతుందో 2019లో చూశాం. ఆ ఏడాది జనవరిలో రామ్స్, సెయింట్స్ ఎన్ఎఫ్‌సీ (లీగ్‌లో ఒక విభాగం) ఫైనల్లో ఇవ్వాల్సిన పాస్ ఇంటర్‌ఫియరెన్స్ (బంతి పట్టబోయేవాణ్ణి అడ్డుకునే ఫౌల్) ఇవ్వలేదని, దాన్ని ఛాలెంజ్ చేసే వీలు పెట్టారు. ఎంత తాకితే మార్చాలో ఎవరికీ ఒకే కొలత దొరకలేదు. ఒక్క సీజన్‌తో ఎత్తేశారు. పైగా స్లో మోషన్ బరువుని ఎక్కువ చేసి చూపిస్తుంది. అరసెకను పాటు ఆనుకున్నది మూడు సెకన్లు నొక్కినట్టు కనబడుతుంది. తలకి తగిలిందా లేదా అన్నది వీడియో చెప్పగలదు. ఎన్ని కిలోలు మోపాడో చెప్పలేదు.

మూడో డౌన్:

ఈల ముందే వేయడం మీద ఎవరూ మాట్లాడలేదే. ‘ఇన్ ద గ్రాస్ప్’ ఉంది కదా. క్వార్టర్‌బ్యాక్ డిఫెండర్ పట్టులో చిక్కి, ఇక ప్రమాదమే అనిపిస్తే రిఫరీ ఈల వేసి ఆట ఆపేయొచ్చు. పడేయాల్సిన పనే లేదు, కాబట్టి బరువు గొడవా లేదు.

బెజవాడ బ్లిట్జ్:

మూడో డౌన్ గారూ, అలా అయితే 2008 ఫిబ్రవరి 3న సూపర్ బౌల్ 42లో (లీగ్ ఫైనల్) ఆ బంతి గాల్లోకి లేచేదే కాదు. పేట్రియట్స్ వాళ్ళిద్దరు, జార్విస్ గ్రీన్, రిచర్డ్ సీమోర్, జెయంట్స్ క్వార్టర్‌బ్యాక్ ఈలై మానింగ్ జెర్సీ పట్టుకుని గుంజుతున్నారు. భుజం మీద గుడ్డ సాగిపోయింది. ఈల పడలేదు. మానింగ్ విదిలించుకుని వెనక్కొచ్చి విసిరాడు, సహచరుడు డేవిడ్ టైరీ తన హెల్మెట్‌కి అదిమి పట్టుకున్నాడు, 32 యార్డులు. ఈల ముందే వేసే అలవాటు పెడితే ఇప్పటి క్వార్టర్‌బ్యాక్‌లు మహోమ్స్, జోష్ అలెన్ లాంటివాళ్ళ ఆటలో సగం పోతుంది. వాళ్ళు పట్టులోంచి జారిపోయేవాళ్ళే. ఆ సంగతి తెలిసే డిఫెండర్ వదలడు, పూర్తిగా పడేసేదాకా గట్టిగా పట్టుకుంటాడు. బరువు పడేది కూడా అందుకే.

పాలమూరు పిలగాడు చెప్పిన పద్ధతి చదివాక నా మాట కొంత మార్చుకుంటున్నాను. క్లాజు ఉండనివ్వండి. రెండు మార్పులు మాత్రం కావాలి. ఒకటి, ‘అనుమానం ఉంటే ఫౌల్’ అన్నది తలకీ మోకాలికీ పరిమితం చేయాలి. బరువు విషయంలో డిఫెండర్ చెయ్యి ఆనించినా, పక్కకు తిరిగే ప్రయత్నం చేసినా, అనుమానపు లాభం అతనికే ఇవ్వాలి. రెండోది, బంతి చేతిలోంచి ఊడిన క్షణం నుంచి క్వార్టర్‌బ్యాక్‌కి ప్రత్యేక రక్షణ ఉండకూడదు. ఊడిన బంతి కోసం పోయేవాడిని ఆపడం ఫుట్‌బాలే కాదు.

తెల్లటోపీ:

మొదటిదానికి నా ఓటు మీకే. వాక్యం ఎలా రాయాలన్నది కూడా కష్టం కాదు. చెయ్యి గానీ మోకాలు గానీ డిఫెండర్ ఒంటికంటే ముందు నేలకు తాకిందా అని చూడమంటే చాలు. అది వెనకనుంచైనా కనిపించే గుర్తు, ‘ఎంత బరువు’ అన్నట్టు ఊహ కాదు.

రెండోదాన్ని ఒప్పుకోలేను. బంతి ఊడిన సంగతి క్వార్టర్‌బ్యాక్‌కి వెంటనే తెలియదు. కార్‌ని చూడండి, బంతి పోయినా అతని చూపు ముందున్న రిసీవర్ల మీదే, చేతులు ఛాతీ ఎత్తులో, పక్కటెముకలు బయట. రన్నింగ్ బ్యాక్ అయితే దెబ్బ వస్తోందని తెలిసి భుజం దించుతాడు, గడ్డం లోపలికి లాక్కుంటాడు. ఇతను ఆ రెండూ చేయలేదు, చేసే సమయమూ లేదు. అతనికి రక్షణ ఇచ్చింది చేతిలో బంతి ఉందని కాదు, తనను తాను కాచుకోలేని స్థితిలో ఉన్నాడని. బంతి ఊడినా ఆ స్థితి ఇంకో అరసెకను అలాగే ఉంటుంది.

పాలమూరు పిలగాడు:

గుర్తు మంచిగున్నది గానీ మోకాలు తీసేయ్‌రి, తెల్లటోపీ గారు. నడిమికెల్లి వచ్చే డిఫెన్సివ్ ట్యాకిల్ మోకాలు ఎట్లయినా ముందుగాల్నే నేలకు తాకుతది, ఛాతీ మాత్రం ఆయన మీదనే పడతది. చెయ్యి ఒక్కటే పెట్టాలె. అదీ మోచెయ్యి కాదు, అరచెయ్యి. మోచెయ్యి ఆనితే ఒళ్ళు ఆగది.