కోటిపల్లి రైలు స్టేషను: 1940లో పీకేసిన పట్టాల ఆనవాళ్లు ఏమైనా మిగిలాయా?

ప్రశ్న: గౌతమిగట్టు

అందరికీ నమస్కారం. మాది ద్రాక్షారామానికీ కోటిపల్లికీ నడుమ ఉన్న ఒక చిన్న ఊరు. కరోనా కాలంలో రైలుబస్సు (పట్టాల మీద నడిచే ఒంటిపెట్టె బండి) ఆగిపోయిన తర్వాత ఒక వేసవిలో కోటిపల్లి స్టేషనుకు వెళ్లి చూస్తే, ప్లాట్‌ఫారం మీద ఈ చివరి నుంచి ఆ చివరి దాకా దాళ్వా (రెండో పంట) ధాన్యం ఆరబోసి ఉంది. అయితే నేను అడగదలచుకున్నది ఈ స్టేషను గురించి కాదు, దీనికి ముందున్న దాని గురించి.

మా నాయనమ్మను వాళ్ల అమ్మ కాకినాడలో కని, నెలల పిల్లగా రైల్లోనే ఇంటికి తీసుకువచ్చిందట. తర్వాతి కాన్పు నాటికి రైలు లేదు, పట్టాలు కూడా లేవు. అదే దారిన గూడుబండిలో వెళ్లవలసి వచ్చిందని ఆవిడ చివరి దాకా చెప్పుకునేదట. ఆ లైను ఎప్పుడు వేశారు, ఎందుకు తీసేశారు? మరొక సంగతి. మా ఊరి బడిలో గంటగా వేలాడదీసింది ఒక రైలు పట్టా ముక్క. అది ఆ పాత లైనుదేనని ఊళ్లో అందరూ అంటారు. ఆ మాట నిజమో కాదో తెలుసుకునే మార్గం ఏదైనా ఉందా?

సమాధానం: రామచంద్రపురం వాసి

మీ నాయనమ్మగారు విన్న మాట అక్షరాలా నిజమండి. కాకినాడ నుంచి కరప, వేలంగి, రామచంద్రపురం, ద్రాక్షారామం మీదుగా కోటిపల్లి వరకు సుమారు 45 కిలోమీటర్ల లైను 1928లో వచ్చింది. అప్పట్లో ఈ ప్రాంతపు రైళ్లు మద్రాస్ అండ్ సదరన్ మరాఠా రైల్వే చేతిలో ఉండేవి. కోటిపల్లి దగ్గరే లైను ఎందుకు ఆగిందో రేవులో నిలబడితే ఎవరికైనా అర్థమవుతుంది: ఎదురుగా గోదావరి పాయ గౌతమి, పంటు మీద దాటితే ముక్తేశ్వరం, అక్కడి నుంచి కోనసీమ. సోమేశ్వరుని దర్శనానికీ పుష్కర స్నానానికీ వచ్చేవారికి ఇది చివరి స్టేషను అయితే, ఏరు దాటి వచ్చే కోనసీమ జనానికి ఇదే మొదటి స్టేషను.

ఆ లైను పన్నెండేళ్లే బతికింది. రెండో ప్రపంచ యుద్ధ అవసరాల కోసం 1940లో పట్టాలు పీకేశారు. ఆ రోజుల్లో దేశమంతటా చాలా శాఖా లైన్లకు ఇదే గతి పట్టింది. కేరళలోని షోరనూరు–నిలంబూరు లైను 1941లో పోయింది, కాంగ్రా లోయలో నగ్రోటా–జోగిందర్‌నగర్ భాగం 1942లో పోయింది. కానీ అవి రెండూ 1954 నాటికి తిరిగి వచ్చాయి, మన కోటిపల్లికి రైలు మళ్లీ వచ్చింది 2004లో. అరవై నాలుగేళ్లు! రైలు పోయిందని మనం తరచుగా యుద్ధాన్ని తప్పుపడతాం గాని, యుద్ధం ముగిశాక ఇన్నేళ్లు దాన్ని తిరిగి అడిగి సాధించుకోలేకపోవడమే పెద్ద నష్టమని నా అభిప్రాయం. రెండు తరాలవారు రైలు లేకుండానే బతకడానికి అలవాటుపడ్డారు. రైలుబస్సు వచ్చే నాటికి బస్సులు, ఆటోలు వాళ్ల దినచర్యలో భాగమైపోయాయి. అందుకే అది ఎన్నడూ నిండుగా నడవలేదు.

సమాధానం: విశ్రాంత పీడబ్ల్యూఐ (రైలు పట్టాల ఇన్‌స్పెక్టరు)

గంట గురించి నేను చెప్పగలను. పట్టాను తయారుచేసేటప్పుడే దాని నడుము భాగం మీద, అంటే తలకూ పాదానికీ మధ్య ఉండే పలక మీద, కంపెనీ పేరు, పట్టా రకం, తయారైన సంవత్సరం ఉబ్బెత్తు అక్షరాలతో పడతాయి. ఎంత తుప్పు పట్టినా అవి అంత తొందరగా పోవు. పైపొరను గోనె గుడ్డతో రుద్ది, పల్చటి కాగితం పరిచి, దాని మీద బొగ్గు ముక్కతో మెల్లగా పామితే అక్షరాలు కాగితం మీదికి వస్తాయి. భిలాయి ఉక్కు కర్మాగారం పేరు కనిపిస్తే అది 1960 తర్వాతి పట్టా, మీ పాత లైనుతో దానికి సంబంధం లేదు. టాటా కంపెనీ 1912 నుంచే పట్టాలు చేస్తోంది కాబట్టి ఆ పేరు ఒక్కటే చాలదు, సంవత్సరం కూడా చూడాలి. 1928కి ముందుదైతే ఆశ పెట్టుకోవచ్చు. అయినా అది పూర్తి రుజువు కాదు, ఎందుకంటే మెయిన్ లైను నుంచి తీసేసిన పట్టాలు కూడా తుక్కు కింద అమ్ముడై బళ్లకు చేరేవి.

గంటను ఏ బెజ్జం గుండా వేలాడదీశారో కూడా చూడండి. పట్టా చివర ఫిష్‌ప్లేట్ (రెండు పట్టాలను కలిపే ఇనుప పలక) బిగించడానికి గుండ్రటి బోల్టు బెజ్జాలు ఉంటాయి. బడివాళ్లు గంట కోసం కొత్తగా బెజ్జం వేయించడం అరుదు, ఉన్న బెజ్జంలోకే తీగ దూరుస్తారు. అలా ఉంటే మీ గంట ఒక పట్టా చివరి ముక్క అన్నమాట.

పట్టాలు పీకడం సాధారణంగా లైను చివరి నుంచే మొదలవుతుంది. తీసిన పట్టాలను, స్లీపర్లను మోసుకుపోయే బండి నడవాలంటే వెనక లైను మిగిలి ఉండాలి కదా. ఆ లెక్కన అందరికంటే ముందు బోసిపోయిన స్టేషను కోటిపల్లే అయి ఉండాలి.

సమాధానం: పాతకాగితాలు

పాత లైను ఏ దారిన పోయిందో తెలియాలంటే భూసేకరణ ప్రకటనలు చూడటం మేలు. 1894 నాటి భూసేకరణ చట్టం కింద తీసుకున్న భూములకు గ్రామం, సర్వే నంబరు, విస్తీర్ణంతో సహా ప్రకటన ఇచ్చేవారు. మన ప్రాంతం అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉంది కాబట్టి, 1920ల నాటి ఫోర్ట్ సెయింట్ జార్జ్ గెజెట్ సంపుటాలు వెతకాలి. అవి చెన్నై ఎగ్మూరులోని తమిళనాడు ప్రభుత్వ అభిలేఖాగారంలో ఉంటాయి. ఆ సర్వే నంబర్లను మీ ఊరి పటంతో సరిచూస్తే, ఇప్పటి లైను పాత కట్ట మీదే ఉందా, ఎక్కడైనా పక్కకు జరిగిందా అన్నది పొలం గట్టుతో సహా తేలుతుంది.

ఇంకొక మాట. కోటిపల్లి చివరి స్టేషనుగానే మిగిలిపోవాలని లేదు. లోక్‌సభ స్పీకరుగా ఉన్న జి.ఎం.సి. బాలయోగిగారు పట్టుబట్టి సాధించిన కోటిపల్లి–నరసాపురం లైను 2000–01లో మంజూరైంది. దాదాపు 57 కిలోమీటర్ల ఆ లైను గౌతమిని, వైనతేయను, వశిష్ఠను దాటాలి. కోనసీమకు రైలు పోయే రోజున మీ ధాన్యం ఆరబోతకు వేరే చోటు చూసుకోవలసి వస్తుంది, అది రావాలనే నా కోరిక.

గౌతమిగట్టు

అందరికీ కృతజ్ఞతలు. బడి హెడ్మాస్టరుగారితో ఫోన్లో మాట్లాడాను. తీగ దూర్చిన బెజ్జం గుండ్రంగానే ఉందని, దానికి పక్కన జానెడు దూరంలో మరొక బెజ్జం కూడా ఉందని చెప్పారు. సంక్రాంతికి ఊరెళ్లినప్పుడు బొగ్గు, కాగితం పట్టుకువెళ్లి, వచ్చిన అక్షరాలను ఇక్కడ పెడతాను.