ఎడ్ సలివన్ షో అమెరికా టీవీలో వర్ణవివక్షను చెరిపేసిందా?

ప్రశ్న:
1948 నుంచి 1971 దాకా అమెరికా టీవీ నెట్‌వర్క్ సీబీఎస్‌లో ఆదివారం రాత్రుళ్లు వచ్చిన ఈ షోలో గారడీలు, ఒపేరా పాటలు, హాస్యం అన్నీ ఒకే గంటలో ఉండేవి. లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్, పెర్ల్ బెయిలీ, సుప్రీమ్స్ వంటి నల్లజాతి కళాకారులు దీని ద్వారానే కోట్ల ఇళ్లకు చేరారు. టీవీలో వివక్ష గోడ కూలింది ఇక్కడే అంటాను.

మొదటి జవాబు:
షో నడిపిన సలివన్ తెగువను కాదనను. నల్లజాతి కళాకారులతో ఆ చనువేమిటని స్పాన్సర్ తరఫు కార్ల డీలర్లు సణిగినా ఆయన లెక్కచేయలేదు. కానీ అతిథిగా పిలవడం వేరు, ఇల్లు చేతిలో పెట్టడం వేరు. 1956 నవంబరులో మరో నెట్‌వర్క్ ఎన్‌బీసీ నాట్ కింగ్ కోల్‌కు సొంత షో ఇచ్చింది. అప్పటికే ఆయన దేశమంతా అభిమానించే నల్లజాతి గాయకుడు. అయినా దేశవ్యాప్తంగా ఖర్చు భరించే స్పాన్సర్ ఒక్కరూ నిలవలేదు. అమెరికా దక్షిణ రాష్ట్రాల తెల్లజాతి వినియోగదారులు తమ సరుకు మానేస్తారని కంపెనీల భయం. షో నిలబడాలని నల్లజాతి గాయకులు ఎల్లా ఫిట్జ్‌జెరాల్డ్, హ్యారీ బెలఫాంటే వంటివారు నామమాత్రపు పారితోషికానికే వచ్చి పాడారు. అయినా 1957 డిసెంబరుతో సరి.

రెండో జవాబు:
మీరు ఒక సంగతి వదిలేశారు. ఎన్‌బీసీ ఆ షోను తొలగించలేదు. పావుగంట కార్యక్రమాన్ని అరగంటకు పెంచింది, నష్టం తానే మోసింది. మరో సమయానికి మారుస్తామంటే కోల్ ఒప్పుకోక విరమించుకున్నారు. ప్రేక్షకులు చాలినంత మంది లేరన్నదీ నిజమే కదా?

మొదటి జవాబు ఇచ్చినవారు:
ఎన్‌బీసీ మోసిన భారం నిజమే, దానికి గౌరవం ఇవ్వాల్సిందే. కానీ ప్రేక్షకులు తక్కువైన తెల్లవారి షోలకూ స్పాన్సర్లు దొరికేవారు. 1968లో తెల్లజాతి బ్రిటిష్ గాయని పెట్యులా క్లార్క్ ప్రత్యేక టీవీ కార్యక్రమం చిత్రీకరణ చూడండి. బెలఫాంటేతో కలిసి పాడుతూ ఆమె ఆయన చేతిని పట్టుకుంది. అంతే, స్పాన్సర్ కార్ల కంపెనీ ప్రకటనల అధికారి ఆ షాట్ వద్దు, దూరంగా నిలబడి పాడినది వేయమన్నాడు. క్లార్క్ ససేమిరా అంది. మిగతా టేకులన్నీ చెరిపించి, చేయి పట్టుకున్నదే ప్రసారమయ్యేలా చూసింది. సలివన్ షో మొదలై అప్పటికి ఇరవయ్యేళ్లు. గోడ కూలిపోయి ఉంటే, ఒక చేతి స్పర్శకు ఆ అధికారి అంత హడలిపోవడం దేనికి?