పడుగుపాడు పట్టాల వీడియో నిజంగా ఉండిందా?

కోవూరు కుర్రోడు:
2021 నవంబరులో పెన్నకు వరదొచ్చి పడుగుపాడు దగ్గర రైలుకట్ట కోసుకుపోయింది గదా. చీకటి పడ్డాక ఎవరో ఫేస్‌బుక్‌లో లైవ్ పెట్టారు. కింద కట్ట లేకుండా వేలాడుతున్న పట్టాల మీద ఒక ముసలాయన నెత్తిన మూటతో నడిచొస్తాడు. నేను చూశాను. మా వీధిలో ఇంకో నలుగురు చూశామంటారు. ఇప్పుడెంత వెతికినా దొరకదు. ఎవరో కావాలనే తీయించారని నా నమ్మకం. మీరేమంటారు?

ఒంగోలు మాస్టారు:
నేను నమ్మను నాయనా. యూట్యూబ్‌లో 666 అనే మూసేసిన ఖాతా పేజీని పదేపదే రిఫ్రెష్ చేస్తే భయంకరమైన వీడియోలు తెరుచుకుంటాయని ఏళ్ళ తరబడి చెప్పుకున్నారు. తీరా చూస్తే ఆ కథకు మూలం 2008లో ఒక జపాన్ కళాకారుడు తయారుచేసి పెట్టిన వీడియో. ఇదీ అంతే. వేలాడే పట్టాల ఫొటోలు అందరం చూశాం. ముసలాయన తర్వాత వచ్చి అందులో చేరాడు.

నెల్లూరు శ్రీను:
ఇద్దరి మాటలో సగం సగం ఒప్పుకుంటా. తమ్ముడూ, వీడియో మాయం కావడానికి ఎవరూ కుట్ర చేయక్కర్లేదు. 2025 ఫిబ్రవరి 19 నుంచి ఫేస్‌బుక్‌లో లైవ్ వీడియో 30 రోజులే ఉంటుంది. పాతవాటిని కూడా తీసేస్తున్నాం, 90 రోజుల్లో దించుకోండి అని పెట్టినవాళ్ళకు నోటీసులు పంపారు. ఆ నోటీసు చూసుకోకపోతే అంతే సంగతులు. మైస్పేస్ అని పాత సోషల్ మీడియా సైటు ఉండేది, అందులో సర్వర్లు మార్చేటప్పుడు 5 కోట్ల పాటలు పోయాయని 2019లో బయటపడింది. అక్కడా ఎవరూ దాచిపెట్టలేదు.

కానీ మాస్టారూ, వీడియోనే లేదనకండి. మా మేనమామ ఆ లైవ్‌ను స్క్రీన్ రికార్డింగ్ చేసిపెట్టుకున్నాడు. నిన్న రాత్రి ఆయన పక్కన కూర్చుని నాలుగైదుసార్లు చూశాను. మొత్తం 47 సెకన్లు. టార్చి వెలుగులో బురదనీళ్ళు సుళ్ళు తిరుగుతుంటాయి. పట్టాకు వేలాడుతూ ఒక సిమెంటు స్లీపరు ఊగుతుంటుంది. తీసే అతను "పోయింది రా, కట్ట పోయింది" అంటుంటే గొంతు వణుకుతుంది. 31వ సెకను దగ్గర లైటు పక్కకు తిరిగితే గట్టు మీద ఒకామె, నెత్తిన మూటతో. నడవడం లేదు, ఊరికే నిలబడి నీళ్ళకేసి చూస్తోంది. ముసలాయన ఎక్కడా లేడు.

నాకు ప్రాణం ఉసూరుమన్నది అక్కడే. ఆమె ఎవరో, ఆ రాత్రి ఇల్లు దక్కిందో లేదో ఎవరూ అడగలేదు. ఇన్నేళ్ళూ మనమంతా పట్టాల మీద నడిచే మనిషి గురించే మాట్లాడుకున్నాం.

ఒంగోలు మాస్టారు:
మూట ఉందన్నమాట. అయితే వీడియోనే లేదన్న నా మాట వెనక్కి తీసుకుంటున్నా. ముందు దాన్ని ఇంకో రెండుచోట్ల కాపీ చేసి పెట్టండి బాబూ, ఒక్క ఫోన్‌ను నమ్ముకోవద్దు.

కోవూరు కుర్రోడు:
శ్రీనన్నా, "కట్ట పోయింది" అన్న మాట చదవగానే నాకా గొంతు వినపడింది. ముసలాయన లేడంటే ఇప్పటికీ మనసు ఒప్పుకోవడం లేదు, కళ్ళకు కట్టినట్టుంది. ఆ రికార్డింగ్ నాకు పంపు. మా అమ్మకు చూపిస్తా. మా చుట్టుపక్కల అందరూ తెలుసు ఆమెకు, ఆ మూట మనిషిని గుర్తుపడుతుందేమో.