గుర్రం ఘోటకం నుంచి వచ్చిందా?

పల్నాటి_కుర్రోడు:
వాట్సాప్‌లో ఒక పోస్ట్ తిరుగుతోంది. సంస్కృత ఘోటకమే హిందీలో ఘోడా, తెలుగులో గుర్రం అయిందట. నాకైతే నమ్మేలాగే ఉంది. కాదనేవాళ్లు కారణం చెప్పండి.

బండి_ర:
కారణం ఆ మాటలోనే ఉంది. పాత రాత గుఱ్ఱము. బ్రౌన్ నిఘంటువులోనూ అంతే. ఘోడా నుంచి వచ్చుంటే ఏ గోడమో మిగలాలి. ఓకారం పొట్టిదై ఉకారం ఎందుకయింది? డకారం పోయి ఱ్ఱ ఎందుకొచ్చింది? పక్కనే తమిళంలో కుదిరై, కన్నడ, తుళుల్లో కుదురె ఉండగా అంత దూరం పోవడం దేనికి?

పైగా ఋగ్వేదంలో అశ్వ, హయ, వాజిన్, అర్వన్ ఉన్నాయి, ఘోటక లేదు. అశ్వకి పాత ఇరానీ భాష అవెస్తాలో అస్ప, లాటిన్‌లో ఎక్వుస్ చుట్టాలు. ఘోటకకి అలాంటి చుట్టాలెవరూ లేరు. అది ద్రావిడం నుంచే సంస్కృతంలోకి వెళ్లి ఉంటుందని అనుమానించిన పండితులూ ఉన్నారు.

మదురై_తెలుగువాడు:
తమిళంలో కుది అంటే దూకు. దూకేది కాబట్టి కుదిరై అని మా వైపు చెబుతారు.

బండి_ర:
కప్పా దూకుతుంది కదండీ! అసలు చిక్కు వేరే ఉంది. పాత తమిళ సంగం కవిత్వంలో గుర్రానికి ఇవుళి అనే మాట కూడా ఉంది. ఎక్కడో బలూచిస్తాన్‌లో ద్రావిడ భాషే మాట్లాడే బ్రాహుయీలు హుల్లీ అంటారు. ఈ రెండూ ఒకే వేరువైతే ద్రావిడంలో పాత మాట అదే కావాలి. కుదిరై తర్వాత వచ్చిందనుకోవాలి.

పల్నాటి_కుర్రోడు:
మరి కుదిరై ఎక్కడిది?

రేవు_కబుర్లు:
ఇరాన్ నైరుతిలో ఒకప్పటి ఎలమైట్ భాషలో కుతి అంటే మోయడం. కుతిర అంటే మోసేది, దాన్నుంచే కుదిరై అని ఒక వాదం. ఎలమైట్, ద్రావిడం ఒకే కుటుంబమని డేవిడ్ మెకాల్పిన్ అన్నారు గానీ భాషావేత్తల్లో ఎక్కువమంది ఒప్పుకోలేదు. అయితే అరువు తెచ్చుకోవడానికి చుట్టరికం ఎందుకు? దక్షిణాదికి మేలుజాతి గుర్రాలు శతాబ్దాల తరబడి ఓడల్లో దిగాయి. గుర్రానికి మనం వాడే తేజీ అనే మాట అలా వచ్చిందే, పారసీలో తాజీ అంటే అరబ్బు అని. ఘోటకకీ కుదిరైకీ ఇద్దరికీ అప్పిచ్చిన మూడో భాష ఏదైనా ఉండొచ్చు కూడా.

బండి_ర:
తేజీ సంగతి వేరండీ, దాని దారి అడుగడుగునా రాతల్లో కనిపిస్తుంది. ఎలమైట్ రాతలున్న మట్టి పలకల్లో కుతిర అనే మాట గుర్రం అనే అర్థంతో ఒక్కచోట చూపించండి, అప్పుడు ఒప్పుకుంటా. మోసేదే అయితే గాడిద ఏం పాపం చేసింది?