సాగర్ డ్యామ్ పాత న్యూస్‌రీల్ డాక్యుమెంటరీలో వాడాలంటే పర్మిషన్ ఎవరిది?

హాలియా పోరడు:
అందరికీ నమస్తే. నాగార్జునసాగర్ కట్టేటప్పుడు రాళ్లు మోసిన కూలీల మీద డాక్యుమెంటరీ తీస్తున్నా, వాళ్లల్లో మా నాయనమ్మ కూడా ఉంది. యూట్యూబ్‌లో ఒక పాత రీల్ దొరికింది. ఆడవాళ్లు నెత్తిన బట్ట చుట్టుకుని, దాని మీద రాయి పెట్టుకుని పరంజా మీద వరసగా ఎక్కుతుంటారు. ఫోన్‌లో చూపిస్తే నాయనమ్మ రెండుసార్లు ఆపించి, తెలిసిన మొహాలేమన్నా ఉన్నాయా అని వెతుక్కుంది. ఆ ఇరవై సెకన్లు నాకు కావాల్సిందే. అప్‌లోడ్ చేసినాయన ‘వాడుకో బ్రదర్’ అన్నాడు, అది సరిపోతుందా?

ఎడిట్ రూమ్:
సరిపోదు తమ్మీ. ఆయన సొత్తు కానప్పుడు ఆయన ఇచ్చే పర్మిషన్ ఎందుకూ పనికిరాదు. రీల్ మొదట్లో వచ్చే టైటిల్ కార్డు చూడు. ఫిల్మ్స్ డివిజన్ (కేంద్ర ప్రభుత్వానికి న్యూస్‌రీళ్లు తీసిన సంస్థ) అని ఉంటే, అది 2022లో ఎన్ఎఫ్‌డీసీలో, అంటే జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థలో కలిసింది, అక్కడ అడగాలి. రీల్ పేరు, ఎన్నో నిమిషం ఎన్నో సెకను నుంచి ఎక్కడిదాకా కావాలో రాసి పంపు. ఊరికే ‘డ్యామ్ ఫుటేజీ కావాలి’ అని మెయిల్ పెడితే ఎవరూ వెతికి పెట్టరు.

దేవరకొండ లాయర్:
ముందు ఏ సంవత్సరం రీలో తేల్చుకోండి. మన చట్టంలో సినిమాకు, అది విడుదలైన మరుసటి ఏడాది మొదలు 60 ఏళ్లు కాపీరైట్ ఉంటుంది. 1955లో నెహ్రూ శంకుస్థాపన చేసినప్పటి రీల్ ఆ ఏడాదే విడుదలై ఉంటే హక్కు 2015తో తీరిపోయింది, అదే 1967లో ఇందిరాగాంధీ కాలువలకు నీళ్లు వదిలినప్పటిదైతే 2027 చివరిదాకా ఉంటుంది. హక్కు తీరినా మంచి ప్రింటు ఆర్కైవ్ దగ్గరే ఉంటుంది, స్కానింగ్‌కు, కాపీకి డబ్బు కట్టక తప్పదు. కట్టండి. యూట్యూబ్ నుంచి దించుకున్నది పెద్ద తెర మీద వేస్తే మీ నాయనమ్మ వెతికిన ఆ మొహాలే మసకబారిపోతాయి.

పాలమూరు కెమెరా:
ఒక దెబ్బ తిన్నా కాబట్టి చెప్తున్నా. వలస కూలీల మీద తీసినప్పుడు పైసలు లేక ఒక క్లిప్‌కు ఫెస్టివల్ హక్కులే, అంటే ఫిల్మ్ ఫెస్టివల్స్‌లో చూపించే హక్కులే తీసుకున్నాం. తర్వాత ఓటీటీ వాళ్లు అడిగితే, క్లిప్ ఇచ్చినవాళ్లు రేటు ఒక్కసారిగా ఎన్నో రెట్లు చేశారు, టెన్షన్‌తో నిద్రలేదు, చివరికి ఆ సీనే తీసేశాం. ఇప్పుడు ఫెస్టివల్‌కే తీసుకో, కానీ టీవీకి, ఓటీటీకి ఎంతో, ఎన్నేళ్లకో, ఏ దేశాలకో ఈరోజే అగ్రిమెంట్‌లో రాయించుకో. రీల్‌లో పాటగానీ మ్యూజిక్‌గానీ ఉంటే దాని హక్కు వేరేవాళ్లది కావచ్చు, అదీ అడుగు.

హాలియా పోరడు:
థాంక్స్ అన్నా, థాంక్స్ లాయర్ గారూ. అప్‌లోడ్ చేసినాయన టైటిల్ కార్డు కట్ చేసి పెట్టాడు. పూర్తి రీల్ ఎక్కడ దొరికిందో ఇప్పుడే ఆయనకు రాశా.