మలయాళ కవి నాలపాట్ నారాయణ మీనన్ 'కణ్ణునీర్‌త్తుళ్ళి'కి అనువాదం ఎక్కడైనా దొరుకుతుందా?

రచయిత్రి కమలాదాస్ మీద వ్యాసం రాస్తూ, ఆవిడ తల్లి బాలామణి అమ్మ దగ్గరికి, అక్కణ్ణుంచి ఆమె మేనమామ నాలపాట్ నారాయణ మీనన్ (1887–1954) దగ్గరికి వచ్చి ఆగిపోయాను. విక్టర్ హ్యూగో 'లే మిజరబ్ల్'ను 1925లో 'పావంగళ్' పేరుతో మలయాళంలోకి తెచ్చింది ఈయనే. అదీ ఫ్రెంచి నుంచి కాదు, ఇంగ్లీషు మీదుగా.

నాకు కావలసింది మాత్రం భార్య పోయాక ఆయన రాసిన విలాపకావ్యం 'కణ్ణునీర్‌త్తుళ్ళి'. కన్నీటి బొట్టు అన్నమాట. పేరు మనకి సగం అర్థమైపోతుంది కదా, లోపలికి వెళ్తే అంతా గుండ్రటి అక్షరాలే! పీడీఎఫ్ తెరిచి ఊరికే చూస్తూ కూర్చున్నాను.

తెలుగులోనో ఇంగ్లీషులోనో అనువాదం మీ కంటపడిందా? పోనీ, మలయాళం చదవగలిగినవాళ్ళెవరైనా మొదటి నాలుగు పద్యాలు తెలుగు లిపిలో రాసి, భావం చెప్పగలరా? ఆదివారంలోపు వ్యాసం ఇచ్చేయాలి, కాస్త టెన్షన్‌గా ఉంది.